సంబంధిత తీర్పుతో కేసు నిష్ఫలం కావడం – కక్షిదారులు తెలుసుకోవలసిన విషయాలు

న్యాయస్థానంలో ఏండ్ల తరబడి నడిచిన కేసు ఒకనాడు రెండు పంక్తుల ఉత్తర్వుతో ముగియడం కక్షిదారులకు కొత్త కాదు. ఇదే విషయమై మరొక కేసులో తీర్పు వెలువడినందున ప్రస్తుత రిట్ పిటిషన్ నిష్ఫలమైనదని, కావున దానిని ముగిస్తున్నామని ఆ ఉత్తర్వులో ఉంటుంది. న్యాయవాదులు దీనినే ‘ఇన్‌ఫ్రక్చువస్’ అని వ్యవహరిస్తారు. ఉత్తర్వు ప్రతిని చేతబట్టుకొని ఊరికి తిరిగి వచ్చిన కక్షిదారునికి తాను గెలిచినదీ ఓడినదీ అర్థం కాదు. గ్రామాలలో ‘కేసు కొట్టేశారు’ అనే ఒక్క మాటతో సరిపెట్టుకొంటారు. ఆ ఒక్క మాట వలన, తమకు ఇంకను మిగిలి ఉన్న హక్కును అడగకుండా వదలుకొన్నవారు ఎందరో ఉన్నారు. కేసు నిష్ఫలం కావడమంటే ఏమిటి, దానితో ఏది ముగుస్తుంది, ఏది ముగియదు అనే విషయాలను సామాన్య ప్రజలకు తెలియజేయడం ఈ వ్యాసం ఉద్దేశం.

న్యాయస్థానాలు సజీవమైన వివాదాన్ని పరిష్కరించడానికే గాని, పండిత చర్చ జరపడానికి ఏర్పడినవి కావు. కక్షిదారుడు కోరిన ఉపశమనం ఇచ్చినా ఇవ్వకపోయినా ఎవరికీ ఏ మార్పూ కలుగని స్థితి ఏర్పడినపుడు ఆ కేసు నిష్ఫలమైనదంటారు. ఉదాహరణకు, ఒక రుసుమును పెంచుతూ జారీ అయిన ఉత్తర్వును రద్దు చేయాలని పది మంది వేర్వేరుగా రిట్ పిటిషన్లు దాఖలు చేశారనుకొందాం. మొదటి వ్యక్తి పిటిషన్‌పైననే హైకోర్టు సదరు ఉత్తర్వును పూర్తిగా రద్దు చేసినది. మిగిలిన తొమ్మిది మంది కోరిన రద్దు అప్పటికే జరిగిపోయినది. లేని ఉత్తర్వును మరల రద్దు చేయడం సాధ్యం కాదు. ఆ మేరకు వారి పిటిషన్లు నిష్ఫలం. అయితే ఆ తొమ్మిది మందిలో ఒకరు పెంచిన రుసుమును అప్పటికే చెల్లించి ఉంటే ఆ సొమ్ము వాపసు సంగతి ఏమిటి? ఉత్తర్వు పోయినది గాని సొమ్ము ఇంకను కార్యాలయంలోనే ఉన్నది. కావున నిష్ఫలమైనది ఒక అభ్యర్థన మాత్రమే గాని కేసు మొత్తం కాదు. ఈ వ్యాసంలో చెప్పదలచిన ప్రధానాంశం ఇదే: నిష్ఫలతను అభ్యర్థన వారీగా చూడాలి.

1975 నాటి అద్దె వివాదం

కేసు దాఖలైన తరువాత జరిగిన సంఘటనలను న్యాయస్థానం పరిగణించవచ్చునా అనే ప్రశ్నపై దేశమంతటా నేటికీ ఉదహరించే తీర్పు ఆంధ్రప్రదేశ్ నుండి వెళ్ళిన ఒక అద్దె వివాదంలో వెలువడినది కావడం విశేషం. మోటార్ అండ్ జనరల్ ట్రేడర్స్ కేసుగా ప్రసిద్ధమైన ఈ వివాదంలో భవన యజమాని తాను వ్యాపారం ప్రారంభించుకొనే నిమిత్తం దుకాణాన్ని ఖాళీ చేయించాలని అద్దె నియంత్రణ చట్టం క్రింద కోరారు. వ్యాజ్యం కోర్టుల మెట్లు ఎక్కి దిగుతున్న కాలంలో ఆయనకు అదే పట్టణంలో వ్యాపారానికి అనువైన మరొక భవనం స్వాధీనమైనది. హైకోర్టు ఈ పరిణామాన్ని గమనించి ఖాళీ చేయించే కోరికను తిరస్కరించగా, 1975లో సుప్రీంకోర్టు దానిని సమర్థించినది. తీర్పు రచించినవారు జస్టిస్ వి.ఆర్. కృష్ణయ్యర్.

సాధారణంగా కక్షిదారుని హక్కును కేసు దాఖలైన తేదీ ప్రాతిపదికగా నిర్ణయించాలి. అయితే ఆ తరువాత జరిగిన సంఘటన హక్కు మూలాన్నే తాకేదిగా ఉండి, దానిని ఆలస్యం లేకుండా న్యాయస్థానం దృష్టికి తెచ్చినపుడు న్యాయస్థానం కండ్లు మూసుకొని ఉండజాలదు. ఉభయ పక్షాలకు అన్యాయం జరగకుండా ఉపశమనాన్ని తదనుగుణంగా మలచవచ్చును. ఈ సూత్రంలో ‘దృష్టికి తెచ్చినపుడు’ అనే షరతు ముఖ్యమైనది. మరొక కోర్టులో తీర్పు వచ్చినదని న్యాయమూర్తికి దానంతట అదే తెలియదు. ఉభయులలో ఎవరో ఒకరు మెమో రూపంలో గాని, అదనపు అఫిడవిట్ రూపంలో గాని తెలియజేయవలసి ఉంటుంది. సివిల్ దావా విషయంలో సైతం, వాద కారణమే అంతరించిన దావాను కొనసాగించడం న్యాయ ప్రక్రియను దుర్వినియోగం చేయడమే అవుతుందని, అట్టి దావాను సివిల్ ప్రొసీజర్ కోడ్ 151వ సెక్షన్ క్రింద ముగించవచ్చునని 2004లో షిప్పింగ్ కార్పొరేషన్ ఆఫ్ ఇండియా కేసులో సుప్రీంకోర్టు పేర్కొన్నది.

నిష్ఫలం వేరు, వర్తింపు వేరు

ఒక ప్రధాన తీర్పు వెలువడినపుడు దాని వెనుక వేచి ఉన్న కేసులన్నీ నిష్ఫలమవుతాయనే అభిప్రాయం సరికాదు. రాజ్యాంగం 141వ అధికరణం ప్రకారం సుప్రీంకోర్టు ప్రకటించిన న్యాయసూత్రం దేశంలోని న్యాయస్థానాలన్నింటికీ శిరోధార్యం. ఆ సూత్రం మీ కేసుకు వర్తించి ఫలితాన్ని నిర్ణయిస్తే, మీ కేసు ఆ తీర్పు ప్రకారం పరిష్కారమైనట్లు. న్యాయవాదులు ‘కవర్డ్ మ్యాటర్’ అనేది ఇటువంటి కేసునే. అక్కడ గెలుపు ఓటములు ఉంటాయి. నిష్ఫలమైన కేసులో అవి ఉండవు.

భూసేకరణ కేసులు ఇందుకు తగిన నిదర్శనం. 2014 జనవరి 1 నుండి అమలులోకి వచ్చిన 2013 నాటి భూసేకరణ చట్టం 24(2) సెక్షన్, ఐదేండ్లు లేదా అంతకు పూర్వమే అవార్డు ప్రకటించిన పాత సేకరణలు కొన్ని పరిస్థితులలో రద్దయిపోతాయని చెబుతున్నది. భూమిని స్వాధీనం చేసుకోకపోయినా, లేక పరిహారం చెల్లించకపోయినా, ఈ రెండింటిలో ఏ ఒక్క లోపమున్నా చాలునని అప్పట్లో అన్వయించేవారు. పరిహారాన్ని ప్రభుత్వ ఖజానాలో జమ చేస్తే చెల్లించినట్లు కాదని పుణె మునిసిపల్ కార్పొరేషన్ కేసులో 2014 జనవరిలో సుప్రీంకోర్టు తీర్పునిచ్చినది. దానిని ఆధారం చేసుకొని దేశమంతటా భూ యజమానులు హైకోర్టులను ఆశ్రయించారు. 2020 మార్చి 6న ఇండోర్ డెవలప్‌మెంట్ అథారిటీ కేసులో ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం పుణె తీర్పును త్రోసిపుచ్చినది. స్వాధీనం చేసుకోకపోవడం, పరిహారం చెల్లించకపోవడం అనే రెండు లోపాలూ కలిసి ఉంటేనే సేకరణ రద్దవుతుందని, కోర్టు స్టే అమలులో ఉన్న కాలాన్ని ఐదేండ్ల లెక్క నుండి మినహాయించాలని నిర్ధారించినది.

ఈ తీర్పుతో పెండింగులో ఉన్న పిటిషన్లు నిష్ఫలం కాలేదు. ప్రతి పిటిషన్‌లోనూ స్వాధీనం ఎప్పుడు జరిగినది, సొమ్ము ఎక్కడ ఉన్నది అనే విషయాలను కొత్త సూత్రం వెలుగులో పరిశీలించవలసి వచ్చినది. రెండు లోపాలూ ఉన్న రైతు ఆ తరువాత కూడా ఉపశమనానికి అర్హుడే. కావున ‘పై కోర్టు తీర్పు వచ్చింది, ఇక మన కేసు లేదు’ అని ఎవరైనా చెప్పినపుడు, నిష్ఫలమైనదని అంటున్నారో, ప్రతికూలంగా నిర్ణయమవుతుందని అంటున్నారో కక్షిదారుడు స్పష్టంగా అడిగి తెలుసుకోవడం అవసరం.

కొట్టివేసిన సెక్షన్, కొనసాగిన కేసులు

సంబంధిత తీర్పు వెలువడినంత మాత్రాన కేసులు వాటంతట అవే ఆగిపోవని తెలియజేసే ఉదంతం సమాచార సాంకేతిక చట్టం 66ఏ సెక్షన్‌కు సంబంధించినది. 2009 అక్టోబరులో అమలులోకి వచ్చిన ఈ సెక్షన్, కంప్యూటరు ద్వారా అభ్యంతరకరమైన లేదా చికాకు కలిగించే సందేశాలు పంపినవారికి మూడేండ్ల వరకు జైలు శిక్ష విధించడానికి వీలు కల్పించినది. 2015 మార్చి 24న శ్రేయా సింఘాల్ కేసులో జస్టిస్ జాస్తి చలమేశ్వర్, జస్టిస్ రోహింటన్ నారీమన్‌లతో కూడిన ధర్మాసనం ఈ సెక్షన్ వాక్ స్వాతంత్య్రానికి విరుద్ధమని పూర్తిగా కొట్టివేసినది. ధర్మాసనానికి నేతృత్వం వహించిన జస్టిస్ చలమేశ్వర్ కృష్ణా జిల్లాకు చెందినవారు.

చట్టం దృష్టిలో ఆ రోజుతో 66ఏ క్రింద విచారణలో ఉన్న ప్రతి అభియోగమూ ఆధారం కోల్పోయినది. క్షేత్రస్థాయిలో జరిగినది వేరు. పోలీసు స్టేషన్లలో ఈ సెక్షన్ క్రింద కొత్త కేసులు నమోదవుతూనే వచ్చాయి. 2019 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు తీర్పు ప్రతులను అన్ని హైకోర్టులకు, రాష్ట్రాల ప్రధాన కార్యదర్శులకు పంపాలని ఆదేశించవలసి వచ్చినది. అటు పిమ్మట కూడా, 2021 మార్చి నాటికి 11 రాష్ట్రాల జిల్లా కోర్టులలో 745 కేసులు పెండింగులో ఉన్నాయని పౌర హక్కుల ప్రజా సంఘం న్యాయస్థానం దృష్టికి తెచ్చినది. 2022 అక్టోబరు 12న సుప్రీంకోర్టు మరొక ఉత్తర్వు జారీ చేస్తూ, 66ఏ క్రింద ఏ పౌరునీ విచారించరాదని, పెండింగు కేసులలో ఆ సెక్షన్ ప్రస్తావనను తొలగించాలని ఆదేశించినది. తీర్పుకూ ఈ ఉత్తర్వుకూ మధ్య ఏడున్నర ఏండ్లు గడిచాయి. ఈ కాలమంతా, లేని నేరానికి వాయిదాలకు తిరిగిన నిందితులున్నారంటే, తీర్పు వెలువడడం ఎంత ముఖ్యమో అది క్రింది కోర్టులోని ఫైలు వరకు చేరడం అంతే ముఖ్యమని తెలుస్తుంది.

2022 ఉత్తర్వులోనే మరొక అంశం గమనార్హం. ఒకే కేసులో 66ఏతో పాటు ఇతర నేరాలు కూడా మోపి ఉంటే, 66ఏ మాత్రమే తొలగిపోతుంది. మిగిలిన అభియోగాలపై విచారణ కొనసాగుతుంది. బెదిరింపు, పరువునష్టం వంటి సెక్షన్లు కూడా ఉన్న నిందితుడు కేసు మొత్తం పోయినదని భావించి వాయిదాకు హాజరు కాకపోతే వారెంటు జారీ అయ్యే ప్రమాదం ఉన్నది.

మిగిలిన అభ్యర్థనలు: అమరావతి కేసు

రాష్ట్ర ప్రజలకు సుపరిచితమైన అమరావతి వ్యాజ్యంలో నిష్ఫలత ప్రశ్న సూటిగా ఎదురైనది. ఇక్కడ పరిస్థితిని మార్చినది మరొక తీర్పు కాదు, శాసనసభ చర్య. అయినప్పటికీ వర్తించే సూత్రం ఒక్కటే. రాజధాని ప్రాంత ప్రాధికార సంస్థ చట్టాన్ని రద్దు చేస్తూ, పరిపాలన వికేంద్రీకరణకు వీలు కల్పిస్తూ 2020లో చేసిన రెండు చట్టాలను రైతులు, ఇతరులు హైకోర్టులో సవాలు చేశారు. విచారణ సాగుతుండగా 2021 నవంబరులో ఆ రెండు చట్టాలనూ ఉపసంహరిస్తూ శాసనసభ మరొక చట్టం ఆమోదించినది. సవాలు చేసిన చట్టాలే లేవు గనుక పిటిషన్లు నిష్ఫలమైనవని ప్రభుత్వం తరఫున వాదించారు. ఉపసంహరణ చట్టంలోనే వికేంద్రీకరణ ఆలోచన కొనసాగుతున్నదని, తమ భూములకు ఇచ్చిన హామీల విషయం అపరిష్కృతంగానే ఉన్నదని పిటిషనర్లు వాదించారు.

2022 మార్చి 3న ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం అభ్యర్థనలను విడివిడిగా పరిశీలించినది. చట్టాల చెల్లుబాటుకు సంబంధించిన అభ్యర్థనలు నిష్ఫలమైనా, భూసమీకరణలో సుమారు 34 వేల ఎకరాలు అప్పగించిన రైతులకు అభివృద్ధి చేసిన ప్లాట్లు అందజేయడం వంటి అభ్యర్థనలు సజీవంగా ఉన్నాయని భావించి వాటిపై గడువులతో కూడిన ఆదేశాలిచ్చినది. 2022 నవంబరు 28న సుప్రీంకోర్టు ఆ గడువులకు సంబంధించిన కొన్ని ఆదేశాలపై స్టే ఇచ్చినది. ఆదేశాల మంచిచెడ్డలు ఈ వ్యాసం పరిధిలోనివి కావు. పిటిషన్ దాఖలు చేసేటపుడు ఉత్తర్వు రద్దును మాత్రమే గాక దాని పర్యవసానాలను కూడా వేర్వేరు అభ్యర్థనలుగా కోరినవారికి, ఆ ఉత్తర్వు మధ్యలో అంతరించినా నిలబడడానికి చోటు మిగిలి ఉంటుందనేది ఇక్కడ గ్రహించవలసిన విషయం.

ఉపశమనం ఏదీ మిగలకపోయినా ప్రజా ప్రాముఖ్యం దృష్ట్యా న్యాయస్థానం ప్రశ్నను నిర్ణయించే సందర్భాలూ ఉన్నాయి. రాష్ట్రపతి పాలనపై 1994 మార్చి 11న తొమ్మిది మంది న్యాయమూర్తులు ఎస్.ఆర్. బొమ్మై కేసులో తీర్పు వెలువరించేనాటికి సంబంధిత రాష్ట్రాలలో ఎన్నికలు జరిగి కొత్త శాసనసభలు ఏర్పడినవి. అయినను 356వ అధికరణం వినియోగానికి హద్దులు నిర్ణయించే తీర్పు వెలువడినది. ఇది న్యాయస్థానం విచక్షణ. కక్షిదారుడు హక్కుగా కోరలేడు.

ముగిసిపోయిన కేసు తిరిగి తెరుచుకోదు

పెండింగులో ఉన్న కేసుకూ తుది తీర్పు వెలువడిన కేసుకూ గల భేదాన్ని గుర్తించాలి. ఒక వ్యక్తి తన కేసులో ఓడి, అప్పీలు చేయకుండా ఊరుకొన్న తరువాత, అదే అంశంపై మరొకరి కేసులో అనుకూల తీర్పు వచ్చినదని తన కేసును తిరిగి తెరవమని కోరజాలడు. తీర్పుకు ఆధారమైన న్యాయసూత్రాన్ని ఉన్నత న్యాయస్థానం మరొక కేసులో మార్చివేయడం పునఃసమీక్షకు కారణం కాదని సివిల్ ప్రొసీజర్ కోడ్ 47వ ఆర్డర్ 1వ రూల్ వివరణ స్పష్టం చేస్తున్నది. పరోక్ష పన్నుల వాపసు విషయంలో మఫత్‌లాల్ ఇండస్ట్రీస్ కేసులో 1996లో తొమ్మిది మంది న్యాయమూర్తుల ధర్మాసనం కూడా, ఇతరుల కేసులో వచ్చిన తీర్పు ఆధారంగా తన ముగిసిన వ్యవహారాన్ని తిరగదోడడానికి వీలులేదని చెప్పినది.

ఉద్యోగుల సర్వీసు వ్యవహారాలలో సూత్రం కొంత ఉదారమైనది. ఒకే స్థితిలో ఉన్న ఉద్యోగులలో కొందరికి న్యాయస్థానం ప్రయోజనం కల్పిస్తే మిగిలినవారికీ సాధారణంగా అదే వర్తింపజేయాలని, అయితే దీర్ఘకాలం మౌనంగా ఉండి ఇతరులు గెలిచిన తరువాత మాత్రమే మేల్కొన్నవారు ఆ ప్రయోజనం కోరజాలరని 2014లో అరవింద్ కుమార్ శ్రీవాస్తవ కేసులో సుప్రీంకోర్టు పేర్కొన్నది. సహోద్యోగి కేసు ఫలితం కొరకు వేచి చూడడం ఖర్చు తగ్గించే మార్గంగా పలువురు భావిస్తారు. కనీసం లిఖితపూర్వక విజ్ఞాపననైనా సకాలంలో సమర్పించకుండా వేచి చూడడం నష్టదాయకం.

‘ఉపసంహరణ’ అనే మాటతో జాగ్రత్త

సంబంధిత తీర్పు వెలువడిన దరిమిలా కేసు పిలుపునకు వచ్చినపుడు, న్యాయవాది దానిని ఉపసంహరించుకొంటామని చెప్పి ముగించడం కద్దు. ఫలితం ఒకటేనని అనిపించవచ్చును గాని ఇది సరికాదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 23వ ఆర్డర్ ప్రకారం, మరల దావా వేసుకొనే అనుమతి తీసుకోకుండా దావాను ఉపసంహరించుకొన్నవారు అదే విషయంపై తిరిగి దావా వేయజాలరు. 1986లో సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ సర్వీస్ కేసులో సుప్రీంకోర్టు ఈ సూత్రాన్ని హైకోర్టులోని రిట్ పిటిషన్లకు కూడా వర్తింపజేసినది. నిష్ఫలమైనదని ముగించిన కేసులో గుణదోషాలపై విచారణ జరిగి నిర్ణయం వెలువడలేదు గనుక, సాధారణంగా అది పూర్వ నిర్ణయమై అడ్డు నిలువదు. అనుమతి లేని ఉపసంహరణ మాత్రం తలుపు మూసివేస్తుంది. ఉత్తర్వులో ఏ పదం ఉండబోతున్నదో కక్షిదారుడు ముందుగా తన న్యాయవాదితో చర్చించడం మేలు.

మీ కేసును నిష్ఫలం చేసినదని చెప్పే తీర్పు స్వయంగా స్థిరమైనదేనా అన్నది మరొక ప్రశ్న. హైకోర్టు ఒక ఉత్తర్వును రద్దు చేసినదనే కారణంతో మీ పిటిషన్‌ను ముగించిన తరువాత, సదరు తీర్పును సుప్రీంకోర్టు త్రోసిపుచ్చితే రద్దయిన ఉత్తర్వు తిరిగి ప్రాణం పోసుకొంటుంది. మీ పిటిషన్ మాత్రం అప్పటికే లేదు. అప్పీలు పెండింగులో ఉన్నట్లు తెలిసినపుడు, పిటిషన్‌ను అట్టే ఉంచమని గాని, అవసరమైతే పునరుద్ధరించుకొనే స్వేచ్ఛను ఉత్తర్వులో నమోదు చేయమని గాని కోరవచ్చును. తీర్పుపై స్టే లభించడానికీ తీర్పు రద్దు కావడానికీ తేడా ఉన్నదని, స్టే వలన తీర్పు ఉనికి కోల్పోదని 1992లో శ్రీ చాముండి మోపెడ్స్ కేసులో సుప్రీంకోర్టు వివరించినది.

మధ్యంతర ఉత్తర్వుల సంగతి సరేసరి. ప్రధాన కేసు ముగియగానే దానిలోని స్టే కూడా ముగుస్తుంది. స్టే నీడన చెల్లించకుండా ఉన్న సొమ్ము అప్పుడు వడ్డీతో సహా మీద పడవచ్చును. బొగ్గుపై పెంచిన రాయల్టీని కోర్టు ఉత్తర్వుల రక్షణతో చెల్లించని కొనుగోలుదారులు, ఆ పెంపు చెల్లుతుందని తేలిన పిదప వడ్డీ కూడా చెల్లించవలసినదేనని 2003లో సౌత్ ఈస్టర్న్ కోల్‌ఫీల్డ్స్ కేసులో సుప్రీంకోర్టు తీర్పునిచ్చినది. న్యాయస్థానం చర్య వలన ఎవరికీ నష్టం కలుగరాదనే సూత్రం దీనికి మూలం. స్టే పొందినవారు ఆ సొమ్మును ఖర్చు చేయక విడిగా ఉంచుకోవడం వివేకం.

ఆచరణలో కక్షిదారులు చేయవలసినది స్వల్పమే. సంబంధిత తీర్పు ప్రతిని సంపాదించి, తమ పిటిషన్ చివర ఉన్న అభ్యర్థనలను ఒక్కొక్కటిగా దానితో సరిచూసుకోవాలి. తీరిపోయిన అభ్యర్థన పోగా మిగిలినవి – సొమ్ము వాపసు, నష్టపరిహారం, సీనియారిటీ, స్వాధీనం, ఖర్చులు – ఏవైనా ఉంటే వాటిని మెమో ద్వారా న్యాయస్థానం దృష్టికి తేవాలి. కేసు ముగిసిన పిమ్మట ధ్రువీకృత ప్రతిని తీసుకొని భద్రపరచుకోవాలి. క్రింది కోర్టులో గాని, కార్యాలయంలో గాని అనుబంధ ఫైలు నడుస్తుంటే అక్కడ కూడా ఆ ప్రతిని దాఖలు చేయాలి. న్యాయవాదిని నియమించుకొనే స్తోమత లేనివారికి న్యాయ సేవల అధికార సంస్థల చట్టం, 1987 క్రింద ఉచిత సహాయం లభిస్తుంది. మహిళలు, బాలలు, షెడ్యూల్డు కులాలు, షెడ్యూల్డు తెగల వారు, వికలాంగులు, నిర్బంధంలో ఉన్నవారు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఇందుకు అర్హులు. జిల్లా కోర్టు ప్రాంగణంలోని జిల్లా న్యాయ సేవాధికార సంస్థను గాని, మండల స్థాయిలో మండల న్యాయ సేవా కమిటీని గాని సంప్రదించవచ్చును. జాతీయ న్యాయ సేవల సహాయ కేంద్రం టెలిఫోను నంబరు 15100.